కాస్త జరగండి మాస్టారూ

చీటీల మాస్టారికి ఉన్నది ఒక్కటే జబ్బు. రాయిగా మారిన తిన్నటి గుల్లను ఎవరైనా నోటికొచ్చిన పేరుతో పిలిస్తే ఊరుకునేవారు కాదు. "ఆర్థోకోన్ అనండి" అనేవారు. పోనీ ఆర్థోకోన్ అంటే ఊరుకునేవారా? అదీ లేదు. "అర్థం తెలిసే అంటున్నారా?" అని అడిగేవారు. తెలియదంటే అరగంట. తెలుసంటే గంట.

ఆయన ఏ బడిలోనూ పాఠం చెప్పి ఎరగరు. రాళ్ల మ్యూజియంలో అద్దాల పెట్టెల పక్కన పెట్టే చీటీలు రాయడం ఆయన ఉద్యోగం. ప్రతి చీటీలో మూడు వరసలు: ఏమిటి, ఎక్కడ, ఎవరు. రాయి ఏమిటో, ఎక్కడ దొరికిందో, ఎవరు తెచ్చారో. ముత్యాల్లాంటి అక్షరాలు. డిగ్రీ ఉన్నవాడు గంటసేపు మాట్లాడితే ఉపన్యాసం అంటారు, లేనివాడు మాట్లాడితే చాదస్తం అంటారు. మాస్టారికి డిగ్రీ లేదు.

బడిపిల్లలు వచ్చారంటే ఆయనకి పండగే. ఒక పిల్లవాడు అద్దానికి ముక్కు ఆనించి, "రాతి క్యారెట్!" అన్నాడు.

"క్యారెట్ కాదు నాన్నా. ఆక్టోపస్‌కి చుట్టాలు కొన్ని, కోట్ల ఏళ్ల కిందట సముద్రంలో గుల్లలో కాపురం ఉండేవి. కొన్ని గుల్లలు నత్తలా చుట్టుకుంటాయి. కొన్ని బాణంలా తిన్నగా ఉంటాయి. ఆ తిన్నటి గుల్ల ఆర్థోకోన్. ఆర్థో అంటే తిన్నన, కోన్ అంటే శంకువు. అది ఆకారానికి పెట్టిన మాట. జంతువు పేరు కాదు, దాని ఇంటిపేరు అంతకంటే కాదు. ఒకదానికొకటి ఏమీ కానివి కూడా తిన్నగా పెరిగాయి మరి. ఇదివరకు పెద్దపెద్దవాళ్లే తిన్నగా కనిపించిన ప్రతిదాన్నీ ఒకే పేరు కింద పడేసి చేతులు దులుపుకున్నారు. వంశం తెలియనప్పుడు ఏం చేయాలి? ఆకారం చెప్పి నోరు మూసుకోవాలి."

"మీరు మూసుకుంటారా తాతా?" అన్నాడు పిల్లవాడు. వాడిని వాళ్ల టీచర్ చెవి పట్టుకుని పక్క గదిలోకి తీసుకుపోయింది.

ఒకసారి నడుం నొప్పికి ఆసుపత్రికి వెళ్లారు. ఆ వరండాలో నేలంతా నల్ల రాతి పలకలు. మాస్టారు నాలుగడుగులు వేసి గభాలున కింద కూర్చుండిపోయారు. ఒక నర్సు పరుగున వచ్చింది. ఆవిడ వెనక ఇంకో నర్సు, ఆ వెనక స్ట్రెచర్.

"ఏమైందండీ? ఏమైనా పడిపోయిందా?"

"పడలేదమ్మా. ఈ గుల్ల నలభై కోట్ల ఏళ్ల నుంచి ఈ రాతిలోనే ఉంది. మీరే చూసుకోకుండా తొక్కుతున్నారు."

డాక్టర్ ఎక్స్‌రే దీపానికి తగిలించి చూపించాడు. వంగి వంగి చీటీలు రాసి వెన్ను వంకర తిరిగిపోయిందన్నాడు. మాస్టారు ఆ ఫిలిమును అటు తిప్పీ ఇటు తిప్పీ చూసి, "అయితే నన్ను ఆర్థోకోన్ అనడానికి వీల్లేదన్నమాట" అని నిట్టూర్చారు.

ఆయన్ని ఆసుపత్రికి తీసుకువెళ్లింది మ్యూజియంలో టికెట్లు ఇచ్చే ఆమె. తిరిగి వస్తూ బస్సులో కొంగు అడ్డం పెట్టుకుని దారి పొడుగునా నవ్వింది. ఇంటికి వచ్చి తాళం తీశాక గుర్తొచ్చింది, ఈ ముచ్చట చెప్పుకోవడానికి లోపల ఎవరూ లేరని.

ఆమెకి ముప్పై ఆరేళ్లు. చెంపల దగ్గర వెంట్రుకలు నెరిసినా అందరికీ టికెట్లమ్మాయే. వాళ్ల నాన్న అదే మ్యూజియంలో రాళ్లు కోసి పాలిష్ పట్టేవాడు. పాలిష్ మేస్త్రి అంటే తెలియనివాళ్లు లేరు. ఆయన పోయి ఆరేళ్లయింది. నాన్న గదికి ఆమె వేసిన తాళం ఇంకా తీయలేదు.

మ్యూజియానికి రోజుకి ఏడెనిమిది మంది వస్తే గొప్ప. వాన పడితే మాత్రం ఇరవై మంది దాకా వచ్చేవాళ్లు. వాన వెలియగానే వాళ్లకి విజ్ఞానం మీద ఆసక్తి కూడా వెలిసిపోయేది. మిగతా పొద్దంతా ఆ పొడుగాటి హాల్లో గడియారం చప్పుడూ, మాస్టారి కలం గీకుడూ, ఆమె కిటికీ రెక్క కిర్రుమనడమూ, అంతే. మధ్యాహ్నం మెట్ల కింద బల్ల మీద, ఆ చివర ఆయనా ఈ చివర ఆమే కూర్చుని డబ్బాలు విప్పుకునేవారు. మధ్యలో ఇంకో ముగ్గురు పట్టే చోటు. ఆ ముగ్గురూ ఎప్పుడూ రాలేదు.

"ఆ జంతువు గుల్లంతా నిండి ఉండేదా మాస్టారూ?" అని ఒకరోజు అడిగింది, ఏదో ఒకటి మాట్లాడాలని.

"లేదమ్మాయ్. గదులు గదులుగా కట్టుకుంటూ ముందుకు జరుగుతుంది. ఉండేది చివరి గదిలోనే. గదికీ గదికీ మధ్య గోడ తిన్నగా ఉండదు, గిన్నెలా వంగి ఉంటుంది. ఆ గిన్నె నోరు ఎప్పుడూ జంతువు ఉన్నవైపే. ఎంత పాత రాయైనా గిన్నెలు చూస్తే చాలు, ఏది ముందో ఏది వెనకో చెప్పేయొచ్చు."

"మరి వెనక గదులు?"

"ఖాళీ. గాలి ఉంటుంది. ఆ ఖాళీతోనే తేలుతుంది."

మాస్టారిది నాలుగు గదుల ఇల్లు. ముందు గదిలోనే వంట, అక్కడే పడక. ఆ సంగతి ఆమెకి తెలుసు. ఆమె సంగతి ఆయనకి తెలుసు. అందుకని ఇద్దరూ డబ్బాలు కడుక్కోవడానికి లేచారు.

ఇక అసలు రాయి. హాలు చివర గోడలో అద్దం వెనక ఆరడుగుల నల్ల పలక. అందులో ఈ కొస నుంచి ఆ కొస దాకా తెల్లగా, నిగనిగలాడుతూ ఒక తిన్నటి గుల్ల. దాన్ని పాలిష్ మేస్త్రే క్వారీలో చూశాడు, మేస్త్రే కోశాడు, మేస్త్రే నునుపు చేశాడు. దాని చీటీ మాత్రం ఇలా ఉండేది. ఏమిటి: ఆర్థోకోన్. ఎక్కడ: కొండ క్వారీ. ఎవరు: ఒక అడ్డగీత.

విచిత్రం ఏమిటంటే, ప్రతి గులకరాయి దగ్గరా అరగంట నిలబెట్టే మాస్టారు ఈ రాయి దగ్గర మాత్రం జనాన్ని నిమిషంలో తరిమేసేవారు. అదీగాక ఎప్పుడూ సరిగ్గా దాని నడుముకి అడ్డంగా నిలబడేవారు. నిలబడీ నిలబడీ ఆ చోట నేలపలక మీద రెండు పాదాల మేర అరిగిపోయింది.

"కాస్త జరగండి మాస్టారూ, రాయి కనబడటం లేదు."

"తల చూశారా?"

"చూశాం."

"తోక చూశారా?"

"చూశాం."

"ఇక మధ్యలో ఏముంటుందండీ, రెండింటినీ కలిపేదే కదా. పదండి, పక్క గదిలో స్ఫటికాలున్నాయి."

ఫొటోలకీ జరిగేవారు కాదు. ఆ ఊళ్లో సగం ఇళ్ల ఆల్బమ్‌లలో ఆరడుగుల రాయికి అటు భార్యా ఇటు భర్తా, నట్టనడుమ మాస్టారు ఉంటారు. అన్ని ఇళ్ల ఫొటోల్లో ఉన్న ఆ మనిషి ఏ ఇంటికీ చుట్టం కాదు.

అలా రోజులు గడుస్తుండగా కొత్త డైరెక్టర్ వచ్చాడు. మ్యూజియంలో జనం లేకపోవడానికి కారణం ఆయన వారంలోనే కనిపెట్టేశాడు. మాస్టారిని పిలిపించి, పెద్ద రాయి చీటీ వైపు వేలు చూపించాడు.

"పేరు లేని రాయిని చూడ్డానికి ఎవరొస్తారండీ?"

"పేరెందుకు లేదు సార్, ఆర్థోకోన్ అని రాశాను."

"అది జాతి పేరా?"

"కాదు సార్, ఆకారం. ఇప్పుడు బట్టతల ఉందనుకోండి. మీకుంది, మన వాచ్‌మన్‌కీ ఉంది. అంతమాత్రాన మీరిద్దరూ అన్నదమ్ములైపోతారా?"

డైరెక్టర్ చెయ్యి తనకు తెలియకుండానే నెత్తి మీదికి వెళ్లింది. గుమ్మంలో వాచ్‌మన్ టోపీ తీసి పెట్టుకున్నాడు.

ఆ సాయంత్రం డైరెక్టర్ టికెట్ల కిటికీ దగ్గర ఆగాడు. "ఆ రాయి మీ నాన్నగారు తెచ్చిందే కదమ్మా? ఒక నిపుణురాలిని పిలిపిస్తున్నాను. కొత్త జాతి అని తేలిందనుకో, దానికి మీ నాన్నగారి పేరే పెట్టిద్దాం" అన్నాడు.

ఆమెకి ఆ రాత్రి అన్నం సయించలేదు, సంతోషంతో. మర్నాడు మధ్యాహ్నం బల్ల మీద కూర్చోగానే చెప్పేసింది. "మాస్టారూ, రాయికి నాన్న పేరు పెడతారట!"

మాస్టారు విప్పబోయిన డబ్బా మళ్లీ మూసేశారు. "వద్దని చెప్పు."

"ఎందుకూ?"

"పేరు పెట్టాలంటే పరీక్ష చేయాలి. దీపం వేసి, భూతద్దం పెట్టి, గది గదీ చూస్తారు. ఆకారం చెప్పడానికి పరీక్ష అక్కర్లేదు. ఆర్థోకోన్ అని ఊరుకుంటే ఎవరికీ అబద్ధం చెప్పినట్టు కాదు. అసలు ఆ మాటకి అర్థం..."

"అర్థం నాకు తెలుసు!" ఆమె గొంతు హాలంతా మోగింది. "పుట్టిన దగ్గర్నుంచీ వింటున్నాను. ఊళ్లో అందరి పేర్లూ రాశారు కదా మీరు. చెప్పులో ఇరుక్కున్న గులకరాయి తెచ్చి ఇచ్చినవాడి పేరు కూడా 'ఎవరు' దగ్గర రాశారు. మా నాన్నకి మాత్రం గీత గీశారు. ఎందుకు? డిగ్రీ లేదనా? మీకుందా?"

"లేదు" అన్నారు మాస్టారు.

ఆయన ఇంకేమైనా అంటారని ఆమె చూసింది. గంట మాట్లాడగల మనిషి ఒక్క మాటతో ఆగిపోయారు. ఆమె డబ్బా తీసుకుని టికెట్ల గదిలోకి వెళ్లి తలుపు వేసుకుంది.

తొమ్మిది రోజులు ఆయనతో మాట్లాడలేదు. తనతో మాట్లాడే ఒకే ఒక్క మనిషితో మాట్లాడకపోవడం ఎంత కష్టమో రెండో రోజుకే తెలిసొచ్చింది. కానీ పంతం పంతమే.

మాస్టారికి బతిమాలడం రాదు, చీటీలు రాయడం వచ్చు. మూడో రోజు కిటికీ దగ్గర ఒక ఫ్లాస్కు, దానికి చీటీ: "టీ. వేడి. ఎవరైనా తాగవచ్చు." నాలుగో రోజు: "టీ. నిన్నటి కంటే వేడి. ఆధారం: నా నాలుక." అయిదో రోజు: "ఏమిటి: టీ. ఎక్కడ: కిటికీలో. ఎవరు:" అని, ఆ పక్కన ఖాళీ వదిలేశారు. ఆమె పేరు రాసుకుంటుందని ఆశ కాబోలు. ఆమె రాయలేదు, తాగలేదు. సాయంత్రం ఆయన ఆ టీ కుళాయి దగ్గర పారబోసిన చప్పుడు ఖాళీ హాల్లో చాలా పెద్దగా వినబడింది.

పదో రోజు నిపుణురాలు వచ్చే రోజు. టికెట్లమ్మాయి తలుపులు తెరిచేసరికే మాస్టారు గుమ్మంలో ఉన్నారు. లోపలికి రాగానే తిన్నగా వెళ్లి రాయి నడుముకి అడ్డంగా నిలబడ్డారు. ఆమె తడిగుడ్డ తీసుకుని అద్దం తుడవడానికి వచ్చింది.

"అద్దం బాగానే ఉందిలే అమ్మాయ్."

ఆమె తోక వైపు నుంచి తుడవడం మొదలుపెట్టింది. ఆయన కదల్లేదు. ఇంతలో లోపలి నుంచి డైరెక్టర్ కేక వేశాడు. "మాస్టారూ! పాత రిజిస్టర్లు పట్టుకురండి, తొందరగా!"

మాస్టారు గది వైపు చూశారు, ఆమె వైపు చూశారు. వేరే దారి లేక వెళ్లారు.

ఆమె తుడుస్తూ పోయింది. తెల్లటి గిన్నెలు ఒకదాని వెనక ఒకటి, నోళ్లన్నీ తల వైపే. వద్దనుకున్నా ఆయన గొంతే చెవిలో వినిపించింది. గిన్నె నోరు ఎప్పుడూ జంతువు ఉన్నవైపే. ఒకటి, రెండు, మూడు. సరిగ్గా నడుము దగ్గరకి వచ్చేసరికి చెయ్యి ఆగింది. అద్దంలో వెలుగు పడి అలా కనిపిస్తోందేమో అనుకుని మళ్లీ తుడిచింది. ఆ తర్వాత గుడ్డ కింద పెట్టి దగ్గరగా చూసింది.

పదకొండు గిన్నెలు. పదకొండూ తోక వైపు నోరు తెరుచుకుని ఉన్నాయి. అవి దాటగానే మళ్లీ అన్నీ తల వైపే.

నడుము ముక్క దీనిది కాదు. ఎక్కడిదో తెచ్చి ఇక్కడ అతికారు. అతుకు వేలికి అందదు, కంటికి ఆనదు. ఊళ్లో అంత పనితనం ఒక్క మనిషికే ఉండేది. ఆ మనిషికి రాయి కోయడం తెలుసు, అద్దంలా నునుపు చేయడం తెలుసు. లోపల ఉన్నదానికి ముందేదో వెనకేదో మాత్రం తెలియదు. అందుకే తిరగేసి అతికాడు.

ఆమె ఆసరాకి చీటీ ఉన్న ఇత్తడి చట్రం పట్టుకుంది. అది ఒక పక్కకి ఒరిగి, అందులోంచి చీటీ జారింది. ఒకటి కాదు, రెండు. వెనకది పసుపుపచ్చగా మారిపోయింది. అవే ముత్యాల్లాంటి అక్షరాలు.

"ఏమిటి: ఆర్థోకోన్లు, రెండు. తలా తోకా ఒకదానివి, నడుము ఇంకొకదానిది, తిరగబడింది. ఎక్కడ: అతుకు ఎక్కడో నాకు కనబడలేదు. ఎవరు: పాలిష్ మేస్త్రి. కారణం: పాపకి ఇంకా ఏడాది నిండలేదు."

వెనక అడుగుల చప్పుడైంది. మాస్టారు చేతుల నిండా రిజిస్టర్లతో నిలబడిపోయారు.

"ఎప్పుడు?" అంది ఆమె. తొమ్మిది రోజుల తర్వాత మొదటి మాట.

"కోస్తుంటే రంపం కింద నడుము పొడైపోయింది, గుమ్మంలోంచి చూశాను. అప్పటి పెద్దసారు రాయి పగిలితే మనిషిని వెళ్లగొట్టేవాడు. మీ అమ్మ పోయి నెల కాలేదు. నువ్వు ఆ రంపం పక్కనే, రాళ్ల పెట్టెలో గడ్డి మీద పడుకుని ఉన్నావు."

"మీకు తెలుసని నాన్నకి తెలుసా?"

"తెలిస్తే రోజూ నాకు నమస్కారం పెట్టేవాడు. ఎందుకొచ్చిన గొడవ అనుకున్నాను."

"మరి ఆ గీత?"

"ఎప్పటికైనా బయటపడితే జనం పేరున్నవాడి మీద పడతారు. గీత మీద ఎవరు పడతారమ్మాయ్?" అని ఆయన రిజిస్టర్లు కింద పెట్టారు. "అబద్ధం రాయడం నాకు చేతకాదు. నిజం రాస్తే మీ నాన్న వీధిన పడతాడు. రెండూ కాని మాట ఒక్కటే దొరికింది."

ఆ ఒక్క మాటనీ పట్టుకుని ఆయన ముప్పై అయిదేళ్లు వాదించారు, ఎవరికీ ఇంకో మాట తట్టకుండా. హాల్లో బూట్ల చప్పుడైంది.

నిపుణురాలు పొట్టిగా, చేతిలో టార్చితో, పక్కన డైరెక్టర్‌తో వచ్చింది. మాస్టారు ఒక్క గెంతున తన చోట నిలబడ్డారు. వంకర వెన్నుని ఎలాగో నిటారుగా చేసుకుని, "నమస్కారమండీ. ఆర్థోకోన్ అన్న మాటకి..." అని మొదలుపెట్టారు.

"కాస్త జరగండి మాస్టారూ" అన్నాడు డైరెక్టర్.

"తల చూశారా?"

"కాస్త జరుగుతారా?" అంది నిపుణురాలు.

"తోక చూడండి, చాలా బాగుంటుంది."

టికెట్లమ్మాయి వచ్చి ఆయన చొక్కా చేతి అంచు పట్టుకుంది. ఏడాది పిల్ల పట్టుకున్నట్టు పట్టుకుంది. "జరగండి మాస్టారూ."

"అమ్మాయ్..."

"పరవాలేదు. జరగండి."

ఆయన ఒక అడుగు పక్కకి వేశారు. ఆమె పాత చీటీని చట్రంలో ముందుకి పెట్టింది. నిపుణురాలు అది చదివింది. టార్చి వేసి నడుము చూసింది. అద్దం తీయించి వేలు పెట్టి తడిమింది. గోరుతో గీకింది. భూతద్దం తీసింది, మళ్లీ జేబులో పెట్టుకుంది.

"అతుకు ఎక్కడ?" అంది నిపుణురాలు చివరికి.

"నాకూ కనబడలేదండీ" అన్నారు మాస్టారు.

"ఇలాంటి దొంగ అతుకులు పట్టుకోవడమే పాతికేళ్లుగా నా పని. ఇది పట్టుకోవడం నా వల్ల కాలేదు. గిన్నెలు తిరగబడకపోతే చచ్చినా తెలిసేది కాదు. ఎవరీ మేస్త్రి? ఎక్కడున్నారు?"

"పోయారండీ. మా నాన్న." ఆ రెండు మాటలూ అనడానికి ఆమె బలమంతా సరిపోయింది.

నిపుణురాలు రాయి మీద చెయ్యి తీయకుండానే ఆమె వైపు తిరిగింది. "ఈ చీటీ ఇలాగే ఉంచండి. ఆయన పేరు మాత్రం కాస్త పెద్ద అక్షరాలతో రాయించండి."

డైరెక్టర్ ముఖం వాడిపోయింది. "మరి కొత్త జాతీ, దానికి పేరూ..."

"ఒకటి కాదు కదండీ, ఇవి రెండు. ఆ పైన వంశం చెప్పగలిగిన నడుమే పోయింది. ఆర్థోకోన్లు అనొచ్చు, అంతవరకే."

అప్పుడు ఆ పెద్దమనిషి నిస్పృహలో ఒక పొరపాటు చేశాడు. "అసలు ఆర్థోకోన్ అంటే ఏమిటండీ?" అన్నాడు.

ముప్పై అయిదేళ్లలో ఆ ప్రశ్న తనంతట తాను అడిగిన మొదటి మనిషి ఆయనే. వాచ్‌మన్ నెమ్మదిగా బయటికి జారుకున్నాడు. టికెట్లమ్మాయి కుర్చీ ఒకటి తెచ్చి డైరెక్టర్ వెనక వేసింది. మాస్టారి కళ్లలో నీళ్లు తిరిగాయి. "అలా అడిగారు బాగుంది. ఇప్పుడు బట్టతల ఉందనుకోండి..."

ఆ తర్వాత జనం బాగానే రావడం మొదలుపెట్టారు, అతుకు ఎక్కడుందో కనిపెడతామని పందేలు వేసుకుంటూ. ఎవరికీ దొరకలేదు. ఇబ్బంది పడింది మాస్టారు ఒక్కరే. అడ్డం నిలబడే పని పోయేసరికి ఎక్కడ నిలబడాలో తోచక హాలంతా తచ్చాడేవారు. అరిగిపోయిన ఆ నేలపలక వైపు దొంగచూపులు చూసేవారు.

ఒకరోజు పొద్దున వచ్చి చూస్తే, ఆ రెండు పాదాల గుర్తుల ముందు ఇత్తడి చట్రంలో కొత్త చీటీ ఉంది. అక్షరాలు ముత్యాల్లా లేవు, టికెట్ మీద నంబరు వేసే చేతి రాత.

"ఏమిటి: మాస్టారు. ఆకారం: నిటారు. వంశం: తెలియదు, అక్కర్లేదు. ఎక్కడ: ఇక్కడే. ఎవరు: మా మనిషి."

మాస్టారు నడుం పట్టుకుని వంగి రెండుసార్లు చదివారు. లేచాక టికెట్ల కిటికీ దగ్గరికి వచ్చారు.

"అమ్మాయ్, నిటారు అని రాశావు. ఆధారం ఏమిటి? ఎక్స్‌రే నువ్వూ చూశావు కదా."

ఆమె ఫ్లాస్కు మూత తీసి రెండు గ్లాసుల్లో టీ పోసింది.

"ఆకారం చెప్పడానికి పరీక్ష అక్కర్లేదు మాస్టారూ."